‘అ’ ఉన్నది రేషనల్, లేనిది ఇర్రేషనల్: కరణీయ, అకరణీయ సంఖ్యల తికమక

అడిగినవారు: తొమ్మిదో తరగతి లెక్కలు

తెలుగు మాధ్యమంలో రేషనల్ సంఖ్యను ‘అకరణీయ సంఖ్య’ అంటాం, ఇర్రేషనల్ సంఖ్యను ‘కరణీయ సంఖ్య’ అంటాం. మామూలుగా ‘అ’ చేరితే లేదు, కాదు అనే అర్థం వస్తుంది కదా: న్యాయం, అన్యాయం, సాధ్యం, అసాధ్యం. ఇక్కడ పద్ధతిగా పి/క్యూ రూపంలో, అంటే రెండు పూర్ణసంఖ్యల భిన్నంగా, ఒదిగే సంఖ్యకేమో ‘అ’ తగిలించి, ఒదగని దాన్ని ఉత్తగా వదిలేశారు. ద్విభాషా పుస్తకంలో రెండు పేజీలూ పక్కపక్కన పెట్టుకుని చదివే పిల్లలు ‘ఇర్’ ఉన్నచోట ‘అ’ ఉంటుందనుకుని తప్పు రాస్తున్నారు.

నిఘంటువు చూస్తే కరణీయం అంటే చేయదగినది, అకరణీయం అంటే చేయకూడనిది అని ఉంది. చేయకూడని సంఖ్య ఏమిటి?

1. ఈ పేర్ల వెనక ఉన్న అర్థమేమిటి?
2. కరణి, కరణీయ సంఖ్య ఒకటేనా?
3. పిల్లలకు తారుమారు కాకుండా ఎలా చెప్పాలి?

---

శుల్బం

నిఘంటువులో మీరు చూసిన కరణీయం వేరు, లెక్కల్లోది వేరు. మొదటిది ‘కృ’ ధాతువుకు ‘అనీయ’ ప్రత్యయం చేరి వచ్చింది: స్మరణీయం, పూజనీయం లాంటిదే. లెక్కల్లోని మాటను ‘కరణి’ అనే నామవాచకం నుంచి చూడాలి. జాతి నుంచి జాతీయ వచ్చినట్టు కరణి నుంచి కరణీయ. అంటే కరణికి సంబంధించినది. అకరణీయ అంటే కరణితో సంబంధం లేనిది. రెండు మాటలూ పైకి ఒకేలా కనిపించడం వల్లే నిఘంటువు దారి తప్పిస్తోంది.

ఇక కరణి. ఇది శుల్బ సూత్రాల నాటి మాట. శుల్బం అంటే తాడు. యజ్ఞవేదికలు కొలిచేటప్పుడు చతురస్రాన్ని ‘చేసే’ తాడు, అంటే దాని భుజం, కరణి. ఒక చతురస్రానికి రెట్టింపు వైశాల్యం ఉన్న చతురస్రాన్ని చేసేది ద్వికరణి, మూడు రెట్లది చేసేది త్రికరణి. మూల చతురస్రం భుజం 1 అనుకుంటే ద్వికరణి √2, త్రికరణి √3. మొదటి చతురస్రం కర్ణమే ద్వికరణి.

శుల్బ సూత్రకారుల్లో ఒకడైన బౌధాయనుడు ద్వికరణికి లెక్క కూడా ఇచ్చాడు: ప్రమాణానికి దాని మూడో వంతు కలుపు, ఆ మూడో వంతులో నాలుగో వంతు కలుపు, ఆ చివర కలిపినదానిలో ముప్పై నాలుగో వంతు తీసెయ్యి.

1 + 1/3 + 1/(3×4) − 1/(3×4×34) = 577/408 = 1.4142157…

అసలు √2 విలువ 1.4142136… ఐదో దశాంశ స్థానం దాకా సరిపోయింది. ఇక్కడ పిల్లల చేత ఒక పని చేయించండి: 577² = 332929, 408² రెట్టింపు 332928. ఒక్కటంటే ఒక్కటి తేడా. ఆ ఒక్కటి ఎప్పటికీ పూడదన్నదే కరణీయ సంఖ్య అంటే. లవం, హారం ఎంత పెద్దవి తీసుకున్నా దగ్గరికి పోతాం గానీ అందుకోలేం.

తర్వాతి బీజగణితంలో కరణి అర్థం కొంచెం జరిగింది. వర్గమూలం కావాల్సి వచ్చి, అది శేషం లేకుండా రాకపోతే ఆ సంఖ్యను కరణి అన్నారు. భాస్కరాచార్యుడి బీజగణితంలో (12వ శతాబ్దం) కరణీ షడ్విధం అని ఒక భాగమే ఉంది: సంకలనం, వ్యవకలనం, గుణకారం, భాగహారం, వర్గం, వర్గమూలం. మూలం గుర్తుకు బదులు సంఖ్య ముందు ‘క’ అని రాసేవారు. క 2, క 8 కలిపితే క 18. అంటే √2 + √8 = √2 + 2√2 = 3√2 = √18. ఈ రోజుకీ పిల్లలు √10 అని రాసేది సరిగ్గా ఇక్కడే.

కాబట్టి మన పేరు మొదలైంది ఇర్రేషనల్ వైపు నుంచి. కరణి అనే మాట ముందు ఉంది, అది కానిది అకరణీయం అయింది. ఇంగ్లిష్ పేరు నిష్పత్తి వైపు నుంచి మొదలైంది, అందుకే అక్కడ ‘ఇర్’ రెండో దానికి తగిలింది. ఇరుగుపొరుగు భాషలు కూడా ఆ దారే పట్టాయి: హిందీలో పరిమేయ, అపరిమేయ, కన్నడలో భాగలబ్ధ, అభాగలబ్ధ. తెలుగు మాత్రం ఎదురు దిక్కున నిలబడింది.

---

రెండుచుక్కలు

శుల్బం గారు చెప్పిన పుట్టుక సరే. కానీ దాన్నే నిర్వచనంగా చెబితే రెండో వారానికే ఇబ్బంది వస్తుంది. ‘కరణి ఉన్నది కరణీయం’ అని నేర్చుకున్న పిల్లవాడికి ‘పై’ ఎదురవుతుంది. అందులో మూలం గుర్తే లేదు, అయినా అది కరణీయ సంఖ్య. దాన్ని 18వ శతాబ్దంలో లాంబర్ట్ నిరూపించాడు. 1882లో లిండెమన్ ఇంకా ముందుకెళ్లి, పూర్ణసంఖ్యా గుణకాలున్న ఏ బహుపదికీ అది శూన్యం కాదని చూపించాడు. అంటే మూలాలతో ఎంత కసరత్తు చేసినా అది రాదు. పేరు కరణి నుంచి వచ్చింది గానీ, అది కప్పే మేర కరణి కన్నా చాలా పెద్దది.

మీ రెండో ప్రశ్నకు జవాబు ఇదే: కరణులన్నీ కరణీయ సంఖ్యలే, కరణీయ సంఖ్యలన్నీ కరణులు కావు.

కరణి అనడానికి రెండు షరతులు. మూలం గుర్తు లోపల ఉన్నది ధన అకరణీయ సంఖ్య కావాలి, బయటికి వచ్చిన విలువ కరణీయం కావాలి. ఒక్కటి తప్పినా కరణి కాదు.

√4: లోపల సరే, విలువ 2. కరణి కాదు.
∛8: ఇదీ అంతే, 2.
∛5: కరణి. వర్గమూలమే కానక్కర్లేదు.
√1.44: విలువ 1.2, కరణి కాదు.
√0.4: ఇక్కడ సగం మంది 0.2 అంటారు. 0.2 వర్గం 0.04. √0.4 అంటే √(2/5), కాబట్టి కరణి.
√పై: విలువ కరణీయమే గానీ లోపలున్నది అకరణీయం కాదు. కరణి కాదు.

మూలం గుర్తు కనిపించగానే కరణీయం అని రాయడం ఒక తప్పు, కనిపించకపోతే అకరణీయం అనుకోవడం ఇంకో తప్పు. గీత పైన, కింద ఏదో ఉంది కాబట్టి అకరణీయం అనుకోవడం మూడోది: √2/2 చూడ్డానికి భిన్నమే, కానీ లవం పూర్ణసంఖ్య కాదు.

---

సుద్దముక్క

మూడో ప్రశ్నకు. ముందు పేర్లు చెప్పి తర్వాత ఉదాహరణలు ఇస్తే తారుమారు ఖాయం. బోర్డు మీద పది సంఖ్యలు రాసి, పి/క్యూగా రాయగలిగినవి ఒక పక్కకు, మిగతావి ఇంకో పక్కకు పెట్టించండి. పేర్లు ఆ తర్వాత. ‘పై’ రాసేముందు కరణి అనే మాటను ఒక పీరియడ్ వాడి ఉంటే, ‘అకరణీయం, అంటే కరణి లేనిది’ అని పిల్లలే అంటారు.

నిర్వచనం ఒక్క ముక్క కూడా వదలకుండా చెప్పించండి: పి, క్యూ పూర్ణసంఖ్యలు, క్యూ సున్న కాదు. ఇక్కడ మరో గుంట ఉంది. మన పుస్తకాల్లో పూర్ణాంకాలు అంటే 0, 1, 2, 3…. పూర్ణసంఖ్యలు అంటే రుణ సంఖ్యలతో సహా. పిల్లవాడు పూర్ణాంకాలు అని రాస్తే −3/4 బయటికి పోతుంది. (ఈ రెండు పేర్లు ఇంత దగ్గరగా పెట్టినవారికి దండం.)

దశాంశ రూపంతో చెప్పేటప్పుడు మూడు రకాలు: అంతమయ్యేది, అంతం కాకుండా ఆవర్తనమయ్యేది, అంతం గానీ ఆవర్తనం గానీ లేనిది. మొదటి రెండూ అకరణీయం, మూడోది ఒక్కటే కరణీయం. ‘అంతం లేదు కాబట్టి కరణీయం’ అని ఆగిపోతే 1/3 కూడా కరణీయమైపోతుంది.

కాలిక్యులేటర్‌ను నమ్మొద్దని చూపించడానికి 1/17 బాగా పనికొస్తుంది. 0.0588235294117647 వరకు పదహారు అంకెలు వచ్చాక గానీ తిరిగి మొదలవదు. ఎనిమిదంకెల తెర మీద ఆవర్తనం జాడే కనబడదు. హారం 17తో భాగిస్తే వచ్చే శేషాలు 1 నుంచి 16 వరకే, కాబట్టి పదిహేడో మెట్టుకల్లా ఏదో ఒక శేషం మళ్లీ రాక తప్పదు. ఈ కారణం చెబితే ‘అకరణీయ సంఖ్య దశాంశం అంతమైనా అవ్వాలి, ఆవర్తనమైనా కావాలి’ అన్నది బట్టీ పట్టాల్సిన పని లేదు. ఎదురు ఉదాహరణ 0.101001000100001… దీనిలో క్రమం ఉంది, ఆవర్తనం లేదు. ‘ఒక పద్ధతిగా వస్తోంది కదా’ అని దీన్ని అకరణీయం అనేవాళ్లు ఉంటారు. పద్ధతి వేరు, అదే అంకెల గుంపు తిరిగి రావడం వేరు.

22/7 గురించి వేరే చెప్పాలా? 22/7 = 3.142857142857…, ‘పై’ = 3.14159… మూడో దశాంశ స్థానంలోనే విడిపోయాయి. ‘పై = 22/7’ అని సమానం గుర్తుతో రాసిన ప్రతిసారీ కరణీయ సంఖ్యను అకరణీయం చేసి పారేస్తున్నాం.

ఇక అన్నిటికన్నా చిత్రమైన ఇబ్బంది చెవిది. ‘ఒక అకరణీయ సంఖ్య’ అని గబగబా చదివితే సంధి జరిగి ‘ఒకకరణీయ సంఖ్య’ అవుతుంది. ‘ఒక కరణీయ సంఖ్య’ కూడా వినడానికి అదే. నోట్సు చెప్పేటప్పుడు సగం తరగతి ఒకటి, సగం ఇంకొకటి రాసుకునేది ఇందుకే. ‘ఒక’ మానేయండి, లేదా ఆగి పలకండి. ‘రెండు అకరణీయ సంఖ్యలు’ కూడా ‘రెండకరణీయ’ అవుతుంది గానీ, అక్కడ ‘అ’ చెవికి అందుతుంది.

---

సూటిమాట

ఇంత గొడవెందుకు? రేషనల్, ఇర్రేషనల్ అని తెలుగు లిపిలో రాసేస్తే పోయె.

---

రెండుచుక్కలు

@సూటిమాట, మాట్లాడేటప్పుడు అలాగే అనండి, ఎవరూ కాదనరు. కానీ ప్రశ్నపత్రం తెలుగులో వస్తుంది, అందులో ‘√5 కరణీయ సంఖ్య అని చూపండి’ అని ఉంటుంది. పైగా రేషనల్ అంటే ‘తర్కానికి నిలిచేది’ అనుకునే పిల్లలు ఇంగ్లిష్ మాధ్యమంలో కూడా బోలెడు. అందులో ఉన్నది రేషియో, నిష్పత్తి.

ప్రశ్నపత్రం మాట వచ్చింది కాబట్టి: నిరూపణలో మార్కులు పోయేది మొదటి వాక్యంలోనే. విరోధాభాసంతో మొదలుపెట్టాలంటే నిరూపించాల్సిన దానికి వ్యతిరేకం అనుకోవాలి. ‘√2 అకరణీయం అనుకుందాం’ అన్నది సరైన మొదలు. ‘అ’ చూసి తికమకపడి ‘√2 కరణీయం అనుకుందాం’ అని రాస్తే కింద ఎంత బాగా చేసినా అది నిరూపణ కాదు.

తర్వాత √2 = మ/న, మ, న పరస్పర ప్రధానాలు (1 తప్ప ఉమ్మడి కారణాంకం లేనివి). ఈ షరతు రాయకపోతే చివర విరోధం దేనితోనో తెలియదు. మ² = 2న², కాబట్టి 2 అనేది మ²ను భాగిస్తుంది, 2 ప్రధానం కాబట్టి మను భాగిస్తుంది. మ = 2క అని పెడితే 4క² = 2న², న² = 2క², కాబట్టి నను కూడా 2 భాగిస్తుంది. రెంటికీ 2 ఉమ్మడి అయింది, మొదట అనుకున్నదానికి విరుద్ధం.

ఇదే నిరూపణలో 2 బదులు 4 పెట్టి ఎక్కడ చెడుతుందో అడగండి. 4 అనేది మ²ను భాగిస్తే మను భాగించాలని లేదు (మ = 6 చూడండి). ‘ప్రధానం’ అన్న మాట ఎందుకు రాస్తున్నారో అప్పుడు తెలుస్తుంది.

---

తొమ్మిదో తరగతి లెక్కలు

చాలా ఉపయోగపడింది, అందరికీ ధన్యవాదాలు. ఆ సంధి సంగతి అసలు తట్టలేదు. ఇంకొక్కటి: ‘హారాన్ని అకరణీయం చేయండి’ అన్నచోట కూడా ఇదే అర్థమా? అక్కడ పిల్లలు సంఖ్య విలువే మారిపోతుందనుకుంటున్నారు.

---

శుల్బం

అదే అర్థమండి, పైగా మాట అర్థం అతికినట్టు సరిపోయే చోటు ఇదే. హారంలో ఉన్న కరణిని తీసేయడమే హారాన్ని అకరణీయం చేయడం. హారం ఒక్కటే అకరణీయం అవుతుంది, మొత్తం సంఖ్య కాదు. ఉదాహరణకు 1/√2ను √2/2 చేశాం. హారం 2 అయింది, సంఖ్య మాత్రం ఇంకా కరణీయమే, 0.7071… అలాగే ఉంది. √2/√2తో, అంటే 1తో గుణించాం కాబట్టి విలువ కదలదు. పిల్లలు కిందమాత్రమే గుణించి పైన వదిలేస్తే అప్పుడు నిజంగానే విలువ మారుతుంది.

రెండు పదాలున్నప్పుడు: 4/(√7 − √3). లవహారాలను √7 + √3తో గుణిస్తే హారం 7 − 3 = 4, జవాబు √7 + √3. గుర్తు మార్చకుండా √7 − √3తోనే గుణిస్తే హారం 10 − 2√21 అవుతుంది, కరణి పోలేదు.

∛2 హారంగా ఉంటే ∛2తో గుణించి వదిలేస్తారు, అప్పుడు హారం ∛4 దగ్గర ఆగిపోతుంది. ∛4తో గుణించాలి: ∛8 = 2. వర్గమూలానికి జత ఒకటి చాలు, ఘనమూలానికి మొత్తం మూడు కావాలి. 1/∛2 = ∛4/2.