‘అలోకంబగు పెంజీకటి’: అలోకమా, ఆలోకమా?

నల్లబల్ల: మా తాతయ్య డ్రాయింగు మాస్టారు. వెలుగు మీదా రంగుల మీదా సొంతంగా ఒక వేదాంతం అల్లుకుని నోటుబుక్కులో రాసుకున్నారు. దానికి ఆధారం పోతన గజేంద్రమోక్షంలో కందం: ‘లోకంబులు లోకేశులు / లోకస్థులు తెగిన తుది నలోకంబగు పెం / జీకటి కవ్వల నెవ్వ / డేకాకృతి వెలుగు నతని నే సేవింతున్’. నోటుబుక్కులో ఆ పద్యం కింద ఇంకో పాదం ఉంది: ‘రంగు లేనివాడు రంగులన్ని’. తర్వాతది చెరిగిపోయింది. ఎక్కడో విన్నట్టే ఉంది గానీ పట్టుబడడం లేదు. ఎవరికైనా తగులుతోందా?

గోదారిగట్టు: వేమన ధోరణి.

యతిస్థానం: ధోరణి సంగతి తర్వాత. రంగు, లేని, వాడు, రంగు, లన్ని: ఐదూ హగణాలే (గురువు, లఘువు), నాలుగో గణం దగ్గర ‘రం’కి ‘రం’ యతి. ఆటవెలది సరిపాదం, అంటే రెండోదో నాలుగోదో. వేమనదైతే నాలుగోపాదం మకుటానికి పోతుంది కనక రెండోపాదం కావాలి. నాకు వచ్చిన వేమన పద్యాల్లో మాత్రం ఇది లేదు.

పాతపుస్తకాలు: పద్యం ఎవరిదైనా భావం శ్వేతాశ్వతరోపనిషత్తులోది. నాలుగో అధ్యాయం మొదటి మంత్రం, ‘య ఏకోఽవర్ణో బహుధా శక్తియోగాత్ వర్ణాననేకాన్’. రంగు లేని ఒక్కడు నానా రంగులూ కల్పించాడని.

గోదారిగట్టు: వర్ణమంటే అక్కడ రంగే అనుకోనక్కర్లేదు. అవర్ణుడంటే ఏ విశేషమూ లేనివాడు.

పాతపుస్తకాలు: అదే అధ్యాయంలో ముందుకెళ్లండి. నాలుగో మంత్రంలో నీలం, ఆకుపచ్చ, ఎర్రకళ్లు. ఐదో మంత్రంలో ‘లోహితశుక్లకృష్ణాం’, ఎరుపు, తెలుపు, నలుపు. ఇన్ని రంగులు వరసగా పోసిన చోట మొదటి మంత్రంలో మాత్రం రంగు కాదంటే నేనొప్పుకోను. నల్లబల్ల గారూ, మీ తాతగారి వేదాంతమేమిటో కాస్త చెప్పండి.

నల్లబల్ల: ఒక పేజీలో రెండు బొమ్మలున్నాయి. మొదటిదాంట్లో ఎరుపు, పసుపు, నీలం నీటిరంగులు మూడు వృత్తాలుగా వేసి మధ్యలో కలిపారు. కలిసినచోట మసి. రెండోదాంట్లో ఎరుపు, ఆకుపచ్చ, నీలం దీపాలు మూడు గీసి, వాటి వెలుగులు కలిసినచోట కాగితాన్ని తెల్లగా వదిలేశారు. కింద రాసింది: ‘రంగులు కలిస్తే మసి, వెలుగులు కలిస్తే తెలుపు. మనిషి రంగుగా బతుకుతాడు, వెలుగుగా పోతాడు.’ ఆయన లెక్కలో ఒక్కో ప్రాణి ఒక్కో రంగు దగ్గర ఆగిపోయిన వెలుగు. ఇక చీకటంటే వెలుగు లేకపోవడం కాదు, ఇంకా ఏ రంగులోనూ ఆగని వెలుగు. దీనికి రుజువుగా పోతన పద్యాన్ని ‘తుది నాలోకంబగు’ అని సాగదీసి పాడేవారు. పెంజీకటే ఆలోకం, అంటే వెలుగు అని.

యతిస్థానం: అక్కడే దెబ్బతింది. రెండోపాదం విడగొట్టండి. లోకస్, థులుతెగి, నతుదిన, లోకం, బగుపెం. మూడోగణం, అంటే పద్యం మొత్తంలో ఆరోది, నలమో (నాలుగు లఘువులు) జగణమో (లఘువు, గురువు, లఘువు) కావాలి. ‘నతుదిన’ నలం. ‘నతుదినా’ అన్నారో ఐదు మాత్రలై కందం కూలిపోతుంది. ‘ఆలోకం’ కుదరదు.

గోదారిగట్టు: పాడేటప్పుడు సాగుతుందిగా. మాకు ఎనిమిదో తరగతిలో మాస్టారు ఆ ‘న’ దగ్గర ఆగి ఊపిరి తీసుకునేవారు, అది దీర్ఘంలాగే వినపడేది.

యతిస్థానం: పాటలో సాగింది పద్యంలో సాగినట్టు కాదండీ.

పాతపుస్తకాలు: హ్రస్వమే, సరే. కానీ అర్థం తేలిందా? ‘అలోకం’ అంటే లోకాలు లేనిదని అందరూ చెప్పేస్తారు. లోకాలు తెగిన తుదిని అని ముందే అన్నాక మళ్లీ లోకాలు లేని చీకటి అనడం పోతన చేసే పనా? ‘లోకృ దర్శనే’, ఆ ధాతువుకి అర్థం చూడడం. చూపు అందనిది అలోకం. కంటికి ఆనని పెంజీకటి.

యతిస్థానం: సంస్కృత భాగవత మూలంలో చీకటికి ‘తమస్తదాసీద్గహనం గభీరం’ అని రెండు విశేషణాలున్నాయి. గభీరం ‘పెను’లోకి వెళ్లింది, గహనం ‘అలోకం’ అయింది. గహనమంటే చొరరానిది. మీ అర్థానికే బలం.

గోదారిగట్టు: లోకం, లోకేశుడు, లోకస్థుడు, అలోకం. నాలుగుసార్లు ఒకే మాటను తిప్పుతూ వచ్చి, చివర దాన్నే లేకుండా చేశాడు. మూడుచోట్ల ప్రపంచమని చెప్పి నాలుగోచోట చూపంటే ఆ అందమంతా పోతుంది. నేను ‘లోకం లేనిది’ దగ్గరే ఉంటాను.

నల్లబల్ల: చూపు అందనిదైతే తాతయ్య సిద్ధాంతం సగం నిలిచినట్టే కదా? కంటికి ఆనలేదంటే వెలుగు లేదని కాదు.

పాతపుస్తకాలు: నిలుస్తుంది. ఇంకో సంగతి. ‘ఆదిత్యవర్ణం తమసః పరస్తాత్’ అని శ్వేతాశ్వతరం మూడో అధ్యాయంలో ఉంది, గీత ఎనిమిదో అధ్యాయంలోనూ ఉంది. చీకటికవ్వల సూర్యుడి రంగువాడు. పోతన ఆ చీకటిని ఉంచి, రంగు తీసేసి, ‘ఏకాకృతి’ అన్నాడు. కావాలనే తీశాడని నా నమ్మకం.

యతిస్థానం: తీయడానికి అక్కడ రంగుంటే కదా. ఆయన తెనిగించింది భాగవత శ్లోకాన్ని. అందులో ‘యస్తస్య పారేఽభివిరాజతే విభుః’, దానికవతల ప్రభువు వెలుగుతున్నాడని ఉంది, వర్ణం మాటే లేదు. పైగా ‘క’ ప్రాస. లోకం, లోక, జీక తర్వాత ‘డేకా’ రావాల్సిందే.

పాతపుస్తకాలు: ప్రాస కోసం వెతుక్కునేవాడా పోతన! ‘శారద నీరదేందు’ చదవండి. మబ్బు, చంద్రుడు, కర్పూరం, గంధం, హంస, మల్లెదండ, మంచు, నురుగు, వెండికొండ, రెల్లు, శేషుడు, మొల్ల, మందారం, పాలకడలి, తెల్లతామర, ఆకాశగంగ. పదహారు తెలుపులు పేర్చి కూడా తెలుపనే మాట నేరుగా భారతికి అంటించలేదు, ‘శుభాకారత’ అన్నాడు. ఇక్కడా ఆకృతే. రంగు కనిపిస్తున్నచోట ఆకారం వైపు జరగడం ఆయన అలవాటు.

గోదారిగట్టు: మరి దశమస్కంధంలో? ‘నల్లనివాడు’ అని రంగుతోనే ఎత్తుకున్నాడు. గోపికలు ఆ నల్లనివాణ్ణి ఎవరినడిగారు? మల్లియల్ని. తెల్లటి పువ్వుల్ని నలుపు జాడ అడగడం! నల్లబల్ల గారి తాతగారు దీనిమీద ఏమైనా రాశారా?

నల్లబల్ల: ఆ పద్యం లేదు. కానీ ఒకచోట ముక్కు కొసనుంచి గీత గీసి నాలుగు, ఆరు, ఎనిమిది, పది, పన్నెండు అని అంకెలు వేసి నీలంతో మొదలుపెట్టి రంగులు దిద్దారు.

పాతపుస్తకాలు: అది అద్వయతారకోపనిషత్తులో బహిర్లక్ష్యం, అంటే చూపు బయట నిలిపే ధ్యానం. అవి అంగుళాలు. ఆ దూరాల్లో నీలం, శ్యామం, ఎరుపు, పసుపు ఛాయల ఆకాశం చూడమంటుంది. అయితే ఈయన తారకయోగం వైపు నుంచి వచ్చారన్నమాట. ఆ ఆటవెలది ఏ తత్వాల పుస్తకంలోనిదో అయ్యుండొచ్చు. ఆ పేజీ ఫొటో పెట్టండి, చెరిగిన అక్షరాల గుడులూ కొమ్ములూ చూసి ఏమైనా చెప్పొచ్చు.

నల్లబల్ల: రేపు వెలుతురులో తీసి పెడతానండీ.

యతిస్థానం: ఈలోగా ఒకటి. చివరిపాదం ‘నతని నే సేవింతున్’ అని విడిగా రాస్తారా, ‘నతనినే’ అని కలిపా? యతి ‘ఏకాకృతి’లో ఏకారానికి. ‘అతనిన్ + ఏ’ అన్నా, ఆ ‘ఏ’ ‘నేను’ అయినా ‘అతణ్ణి మాత్రమే’ అయినా యతి చెల్లుతుంది. ఛందస్సు తీర్పు చెప్పదు.

గోదారిగట్టు: ‘నేను’ అనే. ‘లావొక్కింతయు లేదు’ దాకా ఇంకా రాలేదు. ఏనుగుకి ఇంకా ‘నేను’ మిగిలే ఉంది.

పాతపుస్తకాలు: కాస్త ముందు ‘ఎవ్వనిచే జనించు’ చివర చూడండి, ‘ఈశ్వరునే శరణంబు వేడెదన్’. అక్కడా అదే ‘నే’. దాన్ని ఈశ్వరుణ్ణి మాత్రమే అని చదివి, దీన్ని నేను అని ఎలా చదువుతారు?

యతిస్థానం: నేను అక్కడా ‘ఏను’, అంటే ‘నేను’ అనే చదువుతాను.