క్షమాపణ చెబితే కోర్టు ధిక్కరణ కేసు మూసేయవచ్చా?

గాజువాక వాసి:
మా నాన్నగారి పింఛను బకాయిలు మూడు నెలల్లో చెల్లించాలని హైకోర్టు ఉత్తర్వు ఇచ్చింది. ప్రతిని నేనే ఆఫీసులో అందజేశాను. గుమాస్తా నా ప్రతి మీద తేదీతో నీలం ముద్ర వేసి ఇచ్చాడు. ఆ ముద్రకు ఇప్పుడు పది నెలలు. ఎప్పుడు వెళ్లినా "పైనుంచి రావాలి" అన్న మాటే. ధిక్కరణ కేసు వేద్దామంటే, "వాయిదా రోజున క్షమాపణ చెబుతారు, అంతటితో సరి" అంటున్నారు తెలిసినవాళ్లు. అది న్యాయమేనా?

విశ్రాంత తహసీల్దారు, సీతమ్మధార:
మీ బాధ అర్థమైంది. కానీ ఉత్తర్వు మా పేరున వస్తుంది, డబ్బు విడుదల చేయాల్సింది ఆర్థిక శాఖ. నేను రాసిన లేఖలకే ఒక ఫైలు నిండింది. 1971 నాటి కోర్టు ధిక్కరణ చట్టం కూడా ఉద్దేశపూర్వకంగా పాటించకపోవడాన్నే ధిక్కరణ అంటుంది. చేతిలో లేని పనికి జైలు వేస్తే సంతకం పెట్టడానికే భయపడతారు.

న్యాయవాది, ఎంవీపీ కాలనీ:
తహసీల్దారు గారూ, చేతిలో లేకపోతే గడువు దాటకముందే కోర్టుకు వెళ్లి సమయం అడగవచ్చు. అలా అడిగినవాళ్లను నేను చాలా తక్కువ చూశాను. నోటీసు అందాక అప్పీలు వేశామంటారు. స్టే లేని అప్పీలు ఉత్తర్వును ఆపదు.

2022 మార్చిలో, పాఠశాలల ఆవరణల్లో గ్రామ సచివాలయాలు పెట్టవద్దన్న ఉత్తర్వును పాటించని కేసులో, మన హైకోర్టు ఎనిమిది మంది ఐఏఎస్ అధికారులకు రెండు వారాల జైలు విధించింది. క్షమాపణ చెప్పాక దాన్ని సంక్షేమ వసతి గృహాల్లో సేవగా మార్చింది. గుంటూరు కేసు వేరు. గుడిసెల జోలికి వెళ్లవద్దని హైకోర్టు 2013 డిసెంబరులో చెప్పినా, 2014 జనవరిలో తహసీల్దారు తొలగించారు. 2025 మేలో సుప్రీంకోర్టు, అప్పటికి డిప్యూటీ కలెక్టరైన ఆయన్ను తిరిగి తహసీల్దారు స్థాయికి దించి లక్ష రూపాయల జరిమానా వేసింది. చట్టంలోని రెండు వేల జరిమానా ఎవరినీ కదిలించదు, హోదా పోతుందంటేనే ఫైలు కదులుతుంది.

పని పూర్తిచేసి వచ్చి చెప్పే క్షమాపణను అంగీకరించవచ్చు. బకాయి అలాగే ఉంచి చెప్పేది మరో వాయిదా, అంతే.

గాజువాక వారికి ఒక మాట: పిటిషన్ ఏడాదిలోపే వేయాలి. మూడు నెలల గడువు ముగిసిన రోజు నుంచి లెక్కిస్తే మీకు సుమారు ఐదు నెలలే ఉన్నాయి.

విశ్రాంత తహసీల్దారు, సీతమ్మధార:
సమయం అడగాల్సిందే, ఒప్పుకుంటాను. కింది అధికారి ఒక్కడే బోనెక్కడం మాత్రం ఇప్పటికీ ఒప్పుకోను. మీ రిట్‌లో ఆర్థిక శాఖ కార్యదర్శి ప్రతివాదిగా ఉన్నారా? లేకపోతే ఆయనకు నోటీసే వెళ్లదు.

గాజువాక వాసి:
ఇప్పుడే తీసి చూశాను. రెండో ప్రతివాది ఆయనే. ముద్ర ఉన్న ప్రతితో సోమవారం మా న్యాయవాదిని కలుస్తున్నాను.