‘టోర్న్’ని తెలుగులో ఏమందాం? చిరిగిందా, కాలిందా, విరిగిందా?

అడ్మిన్ గారూ, ఇంగ్లిష్ పాట మీద పోస్టు అని తీసెయ్యకండి, ప్రశ్న తెలుగు మాట గురించే.

మొన్న కార్లో వస్తుంటే నటాలీ ఇంబ్రూలియా అనే గాయని పాడిన ‘టోర్న్’ వచ్చింది. 1997 పాట, మా హాస్టల్ రోజుల్లో టీవీలో తెగ వేసేవాళ్ళు, వీడియో చివర్లో ఆ ఫ్లాట్ సెట్టు గోడలతో సహా పీకేస్తారు చూడండి, అదే. పక్క సీట్లోంచి మా మేనకోడలు, మామయ్యా ఇది కవర్ సాంగ్, అంటే వేరేవాళ్ళు ముందే పాడిన పాట, తెలుసా అంది. నాకు తెలీదు, ఇన్నేళ్ళూ ఆవిడదే అనుకుంటున్నా. ఇంటికొచ్చి చూస్తే పెద్ద కథే ఉంది. పాట రాసింది ఆన్ ప్రెవెన్, స్కాట్ కట్లర్, ఫిల్ థోర్నలీ అని ముగ్గురు. మొదట రికార్డయ్యింది మాత్రం 1993లో, అదీ డేనిష్‌లో, లిస్ సోరెన్సెన్ అనే ఆవిడ గొంతుతో. ప్రెవెన్, కట్లర్ తమ సొంత బ్యాండు ఎడ్నాస్వాప్‌తో పాడుకున్నది 1995లో. మరుసటేడు నార్వేలో ట్రీనె రైన్ పాడింది, ఆ తర్వాతే ఇంబ్రూలియా. అంటే మూలం కంటే అనువాదం రెండేళ్ళు ముందు బజార్లోకి వచ్చిందన్నమాట!

ఇంకో తమాషా, ఆ డేనిష్ పాట పేరు ‘బ్రెంట్’. అంటే ‘కాలిన’ అని. అదే వరస, ఒక భాషలో చిరిగింది, ఇంకో భాషలో కాలింది. మరి మనకైతే ఏమవ్వాలి? ‘చిరిగిపోయాను’ అంటే నాకు చొక్కా తప్ప ఇంకేం కనపడట్లేదు. పన్లో పనిగా ‘కవర్’కి కూడా ఒక మాట చెప్పండి.

↳ టోర్న్ అంటే ఎటూ తేల్చుకోలేకపోవడం కదండీ. ‘డోలాయమానం’ సరిపోతుంది.

↳ ఆ అర్థం ఉంది గానీ ఈ పాటలో అది కాదు అన్నా. ఇందులో ఆవిడకి తేల్చుకోవాల్సిందేం లేదు, తను అనుకున్న మనిషి వేరు, ఎదురుగా ఉన్న మనిషి వేరు అని తెలిసిపోయింది, ఇంక అంతే. ఇది గాయం. తెలుగులో చిరిగేది గుడ్డ, కాయితం. మహా అయితే వ్యవహారం ‘చిరిగి చేటంత’ అవుతుంది. మనసు చిరగదు.

↳ ‘కాలింది’ అంటే ఇంకా డేంజరు. ఒళ్ళు కాలిందంటే కోపం, కడుపు కాలిందంటే ఆకలి. ‘నాకు కాలింది’ అని పాడితే వినేవాళ్ళు బాధ అనుకోరు, తంతాడేమో అనుకుంటారు.

↳ నేను కోపెన్‌హేగన్‌లో ఆరేళ్ళున్నా. అక్కడ కాలిన పిల్లాడు నిప్పు దగ్గరికి పోడు అని సామెత ఉంది, అందులో మాట కూడా ఇదే, బ్రెంట్. మనకి ‘చేతులు కాలాక ఆకులు పట్టుకోవడం’ ఉంది గానీ వాళ్ళది కాలాక బుద్ధొచ్చిన వాడి సామెత, మనది అప్పటికీ రానివాడిది 😀 చిరిగిన అనడానికి వాళ్ళకి ‘రెవెట్’ అని వేరే మాటుంది, కావాలంటే అదే పెట్టుకోవచ్చు, కానీ పల్లవిలో ఆ చోట ఒక్కటే దెబ్బ పడాలి. టోర్న్ ఒక్క సిలబుల్, బ్రెంట్ కూడా ఒక్కటే, రెవెట్ రెండు. అందుకే అర్థం కొంచెం జరిపి వరసని కాపాడారని నాకనిపిస్తుంది. అన్నట్టు బ్రిటన్‌లో ఇంబ్రూలియా పాట రెండో స్థానం దగ్గరే ఆగిపోయింది, పైన కూర్చున్నది ‘బార్బీ గర్ల్’, అది పాడిన ఆక్వా వాళ్ళూ డెన్మార్క్ బ్యాండే.

↳ మీరంతా చుట్టూ తిరుగుతున్నారు గానీ మన మాట వేమన ఎప్పుడో చెప్పేశాడు. ఇనుము విరిగితే రెండు మూడు సార్లు కాచి అతకొచ్చు, మనసు విరిగితే అతకలేం అని. విరగడమే మన క్రియ. అదీగాక మనకి పాలు కూడా విరుగుతాయి, కర్ర విరిగినట్టు ఫట్‌మని కాదు, పైకి ఏం కనపడకుండా లోపల్లోపల. పాట అచ్చంగా ఆ రెండో రకం విరగడం గురించే. నా ఓటు ‘విరిగిపోయా’కి.

↳ బాగా చెప్పారు మేడం. కవర్ సంగతి నేను చెప్తా. మాది బందరు వైపు, మాకు ‘కవరింగు’ అంటే చిలకలపూడి బంగారం, పైన పూత లోపల రాగి. అందుకే కవర్ సాంగ్ అంటే తెలీకుండానే నకిలీ అనే వాసన కొడుతుంది. పైగా తప్పు చేసి ‘కవర్ చేశాడు’ అంటాం. కొత్త మాట కనిపెట్టక్కర్లేదు, కర్ణాటక సంగీతం వాళ్ళ ‘పాఠాంతరం’ ఉంది, ఒకే కీర్తనని ఒక్కో గురువు దగ్గర ఒక్కోలా పాడతారు, ఎవరూ దాన్ని నకిలీ అనరు.

↳ పాఠాంతరం బాగుంది గానీ అందులో సాహిత్యం మారదు కదా గురూజీ. అన్నమయ్య పాటలైతే రాగిరేకుల మీద రాగం పేరు ఉంది, వరస పోయింది, తర్వాత రాళ్ళపల్లి అనంతకృష్ణశర్మ గారి లాంటి విద్వాంసులు కొత్తగా కట్టారు. అక్కడ మాట నిలిచింది, బాణీ కొత్తది. ఇక్కడ బాణీ నిలిచింది, మాట మారింది. రెంటికీ ఒకటే పేరు పెడితే ఎట్లా? పైగా ఇంబ్రూలియా రికార్డుకి నిర్మాత ఎవరనుకున్నారు, పాట రాసిన ముగ్గురిలో ఒకడైన థోర్నలీ. రాసినోడే దగ్గరుండి పాడిస్తే అది కవరా, అసలా?

↳ పోస్టు పెట్టినోణ్ణి. డేనిష్‌కి ‘అనువాదం’, ఇంబ్రూలియాకి ‘పాఠాంతరం’ అని నాకు నేను సర్దిచెప్పుకుంటున్నా. 2010లో వన్ డైరెక్షన్ అనే పాప్ బ్యాండు కుర్రాళ్ళు గ్రూపుగా మొదటిసారి టీవీ పాటల పోటీలో పాడింది కూడా ఈ పాటేనట, దాన్ని ఏమనాలో మా మేనకోడల్ని అడిగితే ‘ఆడిషన్’ అంది.

ఇక ‘విరిగిపోయా’. అర్థం అతికినట్టుంది, కానీ పాడి చూస్తే ఆ ఒక్క దెబ్బ చోట అయిదు అక్షరాలు తోసుకుంటున్నాయి. మనది అజంత భాష, ప్రతి మాటా అచ్చుతో సాగుతుంది, వాళ్ళలా హల్లుతో తలుపు వేసినట్టు ఆగదు. ఒక్క అక్షరంలో, అదీ ఛందస్సులో చెప్పే గురువుతో, ఈ బాధంతా పట్టే తెలుగు మాట ఏదైనా ఉందా?

↳ ‘ఛీ’.

↳ పాట అర్థానికి మరీ దూరమేం కాదు.