బదిలీ ఉత్తర్వుపై కోర్టుకు వెళ్లినవారి అనుభవాలు కోరుతున్నాను

గోదావరి తీరం:
నేను ఒక ప్రభుత్వ రంగ బ్యాంకులో అధికారిణిని. రాజమహేంద్రవరం నుంచి అస్సాంలోని ఒక శాఖకు నన్ను బదిలీ చేశారు. మా అబ్బాయికి ఆటిజం ఉంది. వాడికి అలవాటైన థెరపిస్టు, బడి ఇక్కడే ఉన్నాయి. ఉత్తర్వులో ‘పాలనా అవసరాల దృష్ట్యా’ అన్న మాట తప్ప మరే కారణమూ లేదు. హైకోర్టులో రిట్ వేస్తే స్టే వస్తుందా? ఈలోగా రిలీవ్ చేస్తే ఏం చేయాలి?

విశ్రాంత యూనియన్ కార్యకర్త:
అమ్మా, బదిలీ ఉద్యోగంలో భాగమేనని సుప్రీంకోర్టు దశాబ్దాలుగా చెబుతూ వస్తోంది. 1993 నాటి ఎస్.ఎల్. అబ్బాస్ కేసులో షిల్లాంగ్ నుంచి గఢ్వాల్‌లోని పౌడీకి బదిలీ అయిన ఉద్యోగి, తన భార్య షిల్లాంగ్‌లోనే ఉద్యోగం చేస్తోందని, పిల్లలూ అక్కడే చదువుకుంటున్నారని మొరపెట్టుకున్నారు. కేంద్ర ఉద్యోగుల వివాదాలు వినే ట్రిబ్యునల్ ఆయన పక్షాన నిలిచినా సుప్రీంకోర్టు ఆ తీర్పును రద్దు చేసింది. భార్యాభర్తలను వీలైనంతవరకు ఒకేచోట ఉంచాలన్న మార్గదర్శకాలు కోర్టు ద్వారా అమలు చేయించుకోగల హక్కును ఇవ్వవని, దురుద్దేశం గానీ చట్టబద్ధ నిబంధన ఉల్లంఘన గానీ ఉంటేనే జోక్యానికి తావుంటుందని తేల్చి చెప్పింది. అయితే ఉద్యోగి వినతిపత్రం ఇస్తే, అధికారి ఆ మార్గదర్శకాలను దృష్టిలో ఉంచుకుని పరిశీలించాలని కూడా ఆ తీర్పులోనే ఉంది. మీ ప్రయత్నం అక్కడి నుంచే మొదలు కావాలి.

దురుద్దేశం ఉందని ఊరికే ఆరోపిస్తే చాలదు, కాగితాలపై ఉన్న తేదీలు దాన్ని చూపించాలి. పంజాబ్ అండ్ సింద్ బ్యాంకుకు, దుర్గేశ్ కువర్ అనే అధికారిణికి మధ్య నడిచిన కేసులో 2020లో వచ్చిన తీర్పును తప్పక చదవండి. శాఖలోని అక్రమాలపైన, పై అధికారి వేధింపులపైన ఫిర్యాదు చేసిన ఆమెను ఇండోర్ నుంచి జబల్‌పూర్ జిల్లాలోని సర్సావా శాఖకు పంపారు. స్కేల్-4 అధికారిణిని, అంతకంటే చిన్న హోదా అయిన స్కేల్-1 అధికారి ఉండవలసిన శాఖకు పంపడాన్ని కోర్టు కక్షసాధింపుగానే చూసింది. ఆమెను ఏడాదిపాటు ఇండోర్‌లోనే ఉంచాలని, ఖర్చుల కింద రూ. 50,000 చెల్లించాలని ఆదేశించింది. ఫిర్యాదు, దాని వెనుకే బదిలీ, హోదాకు తగని స్థానం అనే మూడూ రికార్డులో ఉండబట్టే ఆమె నెగ్గగలిగారు. మీ విషయంలో అటువంటిదేమీ లేకపోతే కక్షసాధింపు అని రాయించకండి, అది మీ అసలు వాదనను పలచన చేస్తుంది.

317 బాధిత ఉపాధ్యాయుడు:
తెలంగాణలో 2021 డిసెంబరు 6న వచ్చిన 317 జీవో కింద కొత్త జిల్లాలకు ఉద్యోగుల కేటాయింపులు సీనియారిటీ ఆధారంగా జరిగాయి. స్థానికతను పట్టించుకోకపోవడంతో మాలాంటి జూనియర్లు ఎందరో సొంత జిల్లా విడిచిపెట్టవలసి వచ్చింది. నేనూ రిట్ వేశాను. స్టే రాలేదు కాబట్టి కొత్త బడిలో చేరి, అక్కడి నుంచే కేసు నడిపించుకున్నాను. మా మిత్రులలో జీవో మొత్తాన్నీ తప్పుపట్టినవారు వాయిదాల మీద వాయిదాలు చూశారు. సీనియారిటీ జాబితాలో తన చేరిక తేదీ తప్పుగా పడిందని సర్వీసు రిజిస్టరు పేజీతో సహా చూపించిన ఒక టీచరుకు మాత్రం అభ్యంతరాల దశలోనే న్యాయం జరిగింది. స్టే లేనప్పుడు చేరకుండా ఇంట్లో కూర్చోవద్దని గట్టిగా చెబుతున్నాను. కోర్టుకు వెళ్లినంత మాత్రాన ఉత్తర్వు ఆగిపోదు, గైర్హాజరు మాత్రం క్రమశిక్షణ చర్యకు దారితీస్తుంది.

క్యాట్ అనుభవం:
నేను కేంద్ర ప్రభుత్వ ఉద్యోగిని కాబట్టి హైదరాబాద్‌లోని క్యాట్‌కు (కేంద్ర పరిపాలనా ట్రిబ్యునల్‌కు) వెళ్లాను. బ్యాంకు ఉద్యోగులు నేరుగా హైకోర్టుకే వెళ్లాలి. నా కేసులో ట్రిబ్యునల్ బదిలీని రద్దు చేయలేదు. నా వినతిపత్రంపై కారణాలు చూపుతూ లిఖితపూర్వకంగా నిర్ణయం తెలపాలని, అంతవరకు రిలీవ్ చేయవద్దని ఆదేశించింది. ఆ వ్యవధిలోనే మా శాఖ నన్ను పక్క జిల్లాకు మార్చింది. మీకు పనికొచ్చే ముఖ్యమైన కాగితం మరొకటి ఉంది. వికలాంగులైన పిల్లలను, కుటుంబ సభ్యులను చూసుకునే ఉద్యోగులకు సాధారణ రొటేషన్ బదిలీల నుంచి మినహాయింపునిస్తూ కేంద్ర సిబ్బంది శాఖ 2014 జూన్ 6న, 2018 అక్టోబరు 8న ఆదేశాలు ఇచ్చింది. మీ బ్యాంకు బదిలీ విధానంలో ఆ మినహాయింపు ఉందేమో ముందు చూడండి.

గోదావరి తీరం:
మా బదిలీ విధానంలో ఆ మినహాయింపు ఉంది. అయితే వైకల్య ధ్రువపత్రం ముందే సమర్పించి ఉండాలని రాశారు. నేను రెండేళ్ల క్రితమే ఇచ్చాను, కానీ రసీదు దొరకడం లేదు.

విశ్రాంత యూనియన్ కార్యకర్త:
మీ పర్సనల్ ఫైలులో అది ఉందో లేదో సమాచార హక్కు కింద ఈరోజే అడగండి. జవాబు కోసం ఆగకుండా, ధ్రువపత్రం నకలు, ఆ నిబంధన ఉన్న పేజీ, థెరపిస్టు ఇచ్చిన లేఖ జతచేసి జోనల్ మేనేజరుకు వినతిపత్రం ఇచ్చి, మీ నకలు మీద ఇన్‌వార్డు ముద్ర వేయించుకోండి. రిలీవింగ్ ఆర్డరు చేతికి వచ్చేలోపే ఆ ముద్ర ఉన్న కాగితంతో న్యాయవాదిని కలవాలి. హైకోర్టు మొదట అడిగేది అదే.