దవడ కీలు నొప్పి, నోరు తెరిస్తే టక్కుమనే శబ్దం: ఇంట్లో ఏం చేయొచ్చు?

ప్రశ్న (మధురవాడ):
వయసు 31. విశాఖ రుషికొండలో కంప్యూటర్ ముందు ఉద్యోగం. 3 వారాలుగా కుడి చెవి ముందు నొప్పి. ఆవలిస్తే టక్కుమంటుంది. పొద్దున లేచేసరికి కణతలు పట్టేసి ఉంటున్నాయి. ఈఎన్‌టీ డాక్టరు చెవి బాగుందన్నారు. పళ్ల డాక్టరు ఎక్స్-రే చూసి పుచ్చు లేదు, జ్ఞానదంతం తేడా లేదన్నారు. వేడినీళ్లలో ముంచి కొరికి, నిద్రలో పళ్లకి తొడుక్కునే నైట్ గార్డు ఆన్‌లైన్‌లో చవకగా దొరుకుతోంది. కొనమంటారా?

జవాబు (మహారాణిపేట, దంతవైద్యం):
గార్డు సంగతి తర్వాత. ముందు ఒక స్కేలు, అద్దం తీసుకోండి. నొప్పి రానంత వరకే నోరు తెరిచి, పై ముందు పంటి అంచు నుంచి కింది ముందు పంటి అంచు దాకా కొలవండి. పెద్దవాళ్లకి మామూలుగా 40 మి.మీ., ఆపైన ఉంటుంది. స్కేలు లేకపోతే మీ మూడు వేళ్లు ఒకదాని మీద ఒకటి పడతాయేమో చూడండి. 35 లోపు వస్తే బిగుతు ఉన్నట్టే. తెరిచేటప్పుడు గడ్డం నిట్టనిలువుగా దిగుతోందా, ఒక పక్కకి లాగుతోందా అన్నదీ రాసుకోండి.

ఇక శబ్దం. దవడ ఎముక తలకీ పుర్రెలోని గుంటకీ మధ్య పల్చటి మెత్తలాంటిది ఉంటుంది. అది ముందుకి జారి, నోరు తెరిచినప్పుడు మళ్లీ తన చోటికి ఎక్కితే టక్కుమంటుంది. నొప్పి లేని టక్కుకి వైద్యం అక్కర్లేదు. శబ్దం ఇంకా ఉందా పోయిందా అని రోజుకి 50 సార్లు తెరిచి చూసుకునేవాళ్లే దాన్ని పెంచుకుంటారు. కానీ ఒకరోజు టక్కు హఠాత్తుగా మాయమై, నోరు రెండు వేళ్ల మేరకే తెరుచుకుని, గడ్డం నొప్పి ఉన్న పక్కకే లాగితే అది తగ్గడం కాదు. మెత్త బయటే ఇరుక్కుందని అనుమానించాలి. బలవంతంగా తెరవకుండా ఆ వారంలోనే ఓరల్ సర్జన్‌కి (నోరు, దవడ ఆపరేషన్లు చేసే డాక్టరుకి) చూపించండి.

జవాబు (ఎం.వి.పి. కాలనీ, ఫిజియోథెరపీ):
మడమ బెణికితే నడక తగ్గిస్తాం. దవడ బెణికినా పని ఆపదు. మాట, తిండి, పైగా తెలియకుండా పళ్లు బిగించడం. నమలేటప్పుడు, మింగేటప్పుడు తప్ప పైపళ్లకీ కిందిపళ్లకీ పని లేదు, వాటి మధ్య 2 నుంచి 4 మి.మీ. ఖాళీ ఉండాలి. ఈ వాక్యం చదువుతుండగా మీ పళ్లు తగులుతున్నాయా?

గుర్రం డెక్కల చప్పుడు నాలుకతో చేసి చూడండి. చప్పుడుకి ముందు నాలుక అంగిలికి అతుక్కుందే, అదే దాని చోటు. కొన పైపళ్ల వెనక చిగురు మీద ఆనాలి, పళ్లని తోయకూడదు. పెదవులు కలిసి, పళ్లు విడిగా, ముక్కుతో ఊపిరి. మానిటర్ మూలన, ఫోను వెనక, బండి హ్యాండిల్ మీద చిన్న ఎర్ర స్టిక్కర్లు అంటించండి. కనబడిన ప్రతిసారీ దవడ వదలండి. ఎన్.ఏ.డి. జంక్షన్ ట్రాఫిక్‌లో పళ్లు బిగించనివాళ్లు అరుదు! హెల్మెట్ చెంపల దగ్గర మరీ నొక్కుతుంటే అదీ మార్చాల్సిందే.

వ్యాయామం: నాలుక అంగిలికి ఆనించే ఉంచి, అది విడిపోనంత మేరకే మెల్లగా తెరిచి మూయండి. 6 సార్లు, రోజుకి 6 విడతలు. తర్వాత గడ్డం కింద రెండు వేళ్లు పెట్టి, దవడ కదలకుండా 5 సెకన్లు తేలిగ్గా ఎదురు తోయండి, 6 సార్లు. అద్దం ముందు చేస్తే గడ్డం పక్కకి పోతున్నదీ కనబడుతుంది. చేశాక నొప్పి అరగంటకి మించి నిలిచిందంటే ఎక్కువ చేసినట్టు. సగానికి తగ్గించండి.

ప్రశ్న (మధురవాడ):
కొలిచానండి, 37. గడ్డం కొంచెం కుడికి లాగి మళ్లీ మధ్యకి వస్తోంది. ఐసు పెట్టాలా, కాపడమా?

జవాబు (ఎం.వి.పి. కాలనీ):
లాగి మళ్లీ మధ్యకి వస్తోందంటే మెత్త తిరిగి చోటుకి ఎక్కుతోందనే అనుకోవచ్చు. మీది పట్టేసిన నొప్పి, కాబట్టి కాపడమే. తుండు వేడినీళ్లలో ముంచి గట్టిగా పిండి, చెంప మీదా కణత మీదా 15 నిమిషాలు, రోజుకి రెండుసార్లు. రాళ్లుప్పు మూట కన్నా తడిగుడ్డ మేలు. మూట చర్మాన్ని కాల్చొచ్చు. ఐసు కొత్తగా దెబ్బ తగిలినప్పుడో, వాపు ఉన్నప్పుడో గుడ్డలో చుట్టి 10 నిమిషాలు.

కాపడం అయ్యాక చెంప ఎముక కింది అంచు నుంచి దవడ మూల దాకా రెండు వేళ్లతో చిన్న సున్నాలు చుడుతూ రెండు నిమిషాలు రుద్దండి. పళ్లు బిగిస్తే చెంపలో ఉబికే కండ, అదే. కణతల మీదా అంతే.

ప్రశ్న (పెందుర్తి):
లవంగ నూనె చెంపకి రాస్తే నొప్పి లాగేస్తుందంటారు కదా?

జవాబు (మహారాణిపేట, దంతవైద్యం):
అది పుచ్చుపంటికి వాడేది. దవడ కీలుకి ఉపయోగం లేదు, చెంప చర్మం మండి పొక్కొచ్చు. దవడ పట్టుకుని ఒక్క విదిలింపు విదిలించి "సరిచేస్తాం" అనేవాళ్ల దగ్గరికీ పోవద్దు.

జవాబు (గాజువాక, ఫార్మసిస్ట్):
మాత్రల గురించి రెండు ముక్కలు. ఐబుప్రొఫెన్ 400 మి.గ్రా. తిన్నాక రోజుకి 3 సార్లు, 5 రోజులకి మించకుండా. కడుపులో పుండు, కిడ్నీ జబ్బు, గుండె జబ్బు, బీపీ, ఉబ్బసం, రక్తం పలచబరిచే మందులు, గర్భం... వీటిలో ఏదున్నా డాక్టర్ని అడగకుండా వద్దు. జ్వరం కూడా ఉంటే అసలు వద్దు, డెంగీ కాదని తేలేదాకా పారాసెటమాలే. డైక్లోఫెనాక్ జెల్ బఠాణీ గింజంత తీసుకుని చెవి ముందు రాయొచ్చు. కంటికీ నోటికీ తగలనీయకండి. ఐబుప్రొఫెన్ లాంటి మాత్రా ఈ జెల్లూ రెండూ ఒకేసారి వాడకండి.

డిప్రెషన్‌కి, ఆందోళనకి ఇచ్చే కొన్ని మందులు నిద్రలో పళ్లు కొరికిస్తాయి. మందు మొదలెట్టాకే నొప్పి వచ్చిందా అన్నది గుర్తు చేసుకుని రాసిచ్చిన డాక్టరుకి చెప్పండి, మీ అంతట మీరు మానకండి.

జవాబు (ఎం.వి.పి. కాలనీ):
తిండి. రెండు వారాలు ఇడ్లీ, ఉప్మా, ముద్దపప్పన్నం, పెరుగన్నం, రాగి జావ, ఉడికిన కూరలు. చపాతీ తప్పదంటే పప్పులో నానబెట్టండి. జామకాయ పల్చగా తరగండి. చెరకు, జంతికలు, చెక్కలు, తాండ్ర, బెల్లం జీడి, చూయింగ్ గమ్, బీచ్‌లో మొక్కజొన్న పొత్తు వద్దు. అందరూ మరిచిపోయేది ఆవకాయ టెంక. అన్నం అయిపోయాక కూడా అరగంట చీకుతూ కూర్చుంటారే, అది దవడకి చాకిరీ. ముక్కని వేళ్లతో నలిపి అన్నంలో కలుపుకోండి, టెంక పక్కన పెట్టేయండి.

ఆవలింత వస్తే నాలుక అంగిలికి నొక్కి, గడ్డం కింద పిడికిలి పెట్టండి. బోర్లా పడుకోవద్దు.

జవాబు (మహారాణిపేట, దంతవైద్యం):
ఇక గార్డు. కొరికి అచ్చు పోసే మెత్త గార్డు కొందరిలో బిగింపుని పెంచుతుంది, నోట్లో నమలడానికి ఏదో ఉన్నట్టు. ముందుపళ్లకే పెట్టేవి నెలల తరబడి వాడితే మిగతా పళ్లు కదిలి కాటు (పైపళ్లూ కిందిపళ్లూ కలిసే తీరు) మారిపోవచ్చు. అవసరమైతే కొలత తీసుకుని పళ్లన్నిటినీ కప్పేలా చేసే గట్టి గార్డే పెట్టుకోవాలి. అదీ పళ్లు అరగకుండా కాపాడడానికి, కొరకడం మాన్పడానికి కాదు. నొప్పి తగ్గడానికని పళ్లు అరగదీస్తామన్నా, క్లిప్పులు వేస్తామన్నా ఇంకొకరి దగ్గర చూపించుకోకుండా ఒప్పుకోకండి. పోయిన పంటి అంచు తిరిగి రాదు.

ఇంటి వైద్యంతో కాలయాపన చేయకూడనివీ ఉన్నాయి. గుట్కా, ఖైనీ, వక్కపొడి అలవాటుండి, కారం తగిలితే మంట పుడుతూ నోరు బిగిసిపోతుంటే అది కీలు కాదు, చెంప లోపలి పొర గట్టిపడటం. క్యాన్సర్‌కి దారి తీయొచ్చు. తుప్పు మేకు గుచ్చుకున్నాక దవడ బిగిస్తే ధనుర్వాతం. మెట్లెక్కినప్పుడు దవడ లాగి, విశ్రాంతికి తగ్గితే, పైగా చెమట, ఆయాసం ఉంటే గుండె, వెంటనే 108. జ్వరంతో వాపు, తాకితే షాకు కొట్టినట్టు నొప్పి, 50 దాటినవాళ్లకి కొత్తగా కణత నొప్పితో చూపు మసక... వీటికీ ఆగకండి. తెరిచిన నోరు మూతపడకపోతే కేజీహెచ్ (కింగ్ జార్జ్ హాస్పిటల్) క్యాజువాలిటీకి.

ప్రశ్న (మధురవాడ):
గురక కూడా ఉందండి. సంబంధం ఉందా?

జవాబు (మహారాణిపేట, దంతవైద్యం):
ఉండొచ్చు. నిద్రలో ఊపిరి ఆగే జబ్బున్నవాళ్లలో పళ్లు కొరకడం కూడా కనిపిస్తుంటుంది. గురక మధ్యలో ఊపిరి ఆగుతోందా అని ఇంట్లోవాళ్లని గమనించమనండి, పగలు కునికిపాట్లు ఉంటే నిద్ర పరీక్ష చేయించండి. సాయంత్రం తర్వాత టీ, కాఫీ మానండి.

37ని కాగితం మీద రాసి అద్దానికి అంటించండి. రోజూ పొద్దున పళ్లు తోముకోక ముందే కొలవండి, సాయంత్రం అంకెతో కలపకండి. 4 వారాలకి 40 దాటి, కణతల నొప్పి తగ్గుముఖం పడితే ఇదే కొనసాగించండి. అంకె కదలకపోతే ఆ కాగితం పట్టుకుని ఏదైనా డెంటల్ కాలేజీలో ఓరల్ మెడిసిన్ (నోటి జబ్బుల విభాగం) ఓపీకి వెళ్లండి. ఎమ్మారై కావాలా వద్దా అన్నది వాళ్లు తేలుస్తారు.