గోల్డ్ కోస్ట్ డ్రీమ్‌వరల్డ్: పెద్దవాళ్లతో, పాపతో కొవాలాలు, ఆబొరిజినల్ విభాగం ఎట్ట చూడాలి?

కావలి_కాలువ:
అందరికీ నమస్తే. మే రెండో వారంలో అమ్మానాన్నని, తొమ్మిదేళ్ల పాపని తీసుకుని ఆస్ట్రేలియాలో బ్రిస్బేన్ పోతా ఉండాం. అమ్మకి మోకాళ్ల నొప్పి, ఎక్కువ దూరం నడవలేదు. రైడ్ల మీద మా ఇంట్లో ఎవరికీ ఆశ లేదు. అయినా గోల్డ్ కోస్ట్‌లో ఉండే డ్రీమ్‌వరల్డ్ అనే రైడ్ల పార్కులో అక్కడి జంతువులు, ఆదివాసుల సంస్కృతి కలిపి కరాబరీ అని ఒక విభాగం ఉండాదంట, పోయేది దానికోసమే. కారు లేకుండా ఎట్ట చేరాలి? ఏది ముందు చూడాలి, ఏది తర్వాత? చెట్ల మీద ఉండే సంచీ జంతువు కొవాలాని ఎత్తుకోవాలని పాప పట్టు పడతా ఉంది, అది కుదిరే పనేనా? ఇంకొకటి. నాన్న ‘అక్కడి ఆదివాసులు మన యానాదుల లాంటోళ్లేనా’ అని అడగతా ఉండాడు. ఆయనకి ఏం చెప్పాలో తెలిసినవాళ్లు చెప్పండి. అక్కడికి పోయి తెలియకుండా ఎవరినీ నొప్పించకూడదు.

పెన్నా_గట్టు:
డ్రీమ్‌వరల్డ్ ఉండేది కూమెరాలో, బ్రిస్బేన్‌కీ గోల్డ్ కోస్ట్ బీచీలకీ మధ్యన. పార్కు 1981 డిసెంబర్లో తెరిచారు. కరాబరీ 2013లో వచ్చింది. అంతకుముందే ఉన్న జంతువుల భాగాన్ని ఆబొరిజినల్ ప్రజల, టారెస్ జలసంధి దీవుల ప్రజల కథలతో, కళలతో కలిపి మళ్లీ తీర్చారు. కాబట్టి జంతువులకొకసారి, సంస్కృతికొకసారి తిరగక్కర్లేదు. అమ్మకి అదే పెద్ద మేలు.

బ్రిస్బేన్ సెంట్రల్ స్టేషన్లో గోల్డ్ కోస్ట్ లైను రైలెక్కి కూమెరాలో దిగండి. గంట పైచిలుకు పడుతుంది. అక్కడినుంచి పార్కుకి బస్సు. 2024 ఆగస్టు నుంచి ఆ రాష్ట్రం, అంటే క్వీన్స్‌లాండ్ ప్రభుత్వ రైళ్లు, బస్సుల్లో ఎంత దూరమైనా మనిషికి 50 సెంట్లే. బ్రిస్బేన్ ఎయిర్‌పోర్టు రైలుకి మాత్రం ఆ రేటు లేదు. తిరిగొచ్చే బస్సు ఎన్నింటికో పొద్దున్నే ఫోన్లో చూసి పెట్టుకోండి. పార్కు మూసే వేళకి జనమంతా ఒకేసారి స్టాపు మీద పడతారు, అమ్మకి కూర్చోను చోటు దొరకదు. వీల్‌చెయిర్ అద్దెకి కావాలని వారం ముందే పార్కుకి మెయిల్ పెట్టి ఖాయం చేసుకోండి. గేటు దగ్గరికి పోయాక అడిగితే అయిపోయాయనొచ్చు.

ఇక వరస. గేటు తెరవంగానే అందరూ పెద్ద రైడ్ల వైపు పరిగెడతారు. మీరు దానికి ఎదురు, నేరుగా జంతువుల వైపు పొండి. జనం పలచగా ఉంటారు, అంతకన్నా ముఖ్యం, కంగారూలు పొద్దున చల్లదనంలోనే లేచి తిరుగుతూ మేత తింటాయి. పదకొండు దాటితే చెట్ల నీడన పక్కకి ఒరిగి పడుకుంటాయి, అప్పుడు మేత చూపించినా తల తిప్పవు. ఎండెక్కినప్పుడు ఒక్కటి గమనించండి. కంగారూ తన ముంజేతుల్ని నాలుకతో తడుపుకుంటూ ఉంటుంది. అక్కడ చర్మం కిందనే రక్తనాళాలు దట్టంగా ఉంటాయి, ఉమ్మి ఆరేకొద్దీ రక్తం చల్లబడుతుంది. మన ఇళ్లల్లో కుండకి తడిగుడ్డ చుట్టే సూత్రమే. పాపకి చూపించండి, చాలాసేపు నిలబడి చూస్తుంది.

మేత పెట్టేటప్పుడు అరచెయ్యి చాపి, వేళ్లు దగ్గరగా ఉంచాలి. పిడికిట్లో పట్టుకుని ఊరిస్తే గోళ్లతో చేతిని లాక్కుంటుంది. పార్కులో అమ్మే మేత తప్ప బ్రెడ్డు, చిప్సు, మన ఇంటి చెగోడీలు ఏవీ వద్దు. మెత్తటి తిండి పళ్ల సందుల్లో ఇరుక్కుంటుంది, చిగురు పుండై దవడ ఎముకదాకా చీము పడుతుంది. దవడ ముద్దలా వాచే ఆ జబ్బుతో కంగారూలు చచ్చిపోతాయి కూడా. తల మీద చెయ్యి వెయ్యొద్దు, బెదురుతుంది. రొమ్ము మీదో భుజం మీదో మెల్లగా నిమరొచ్చు. జనం నుంచి తప్పుకుని పడుకోవడానికి వాటికి వేరే జాగా ఉంటుంది, ఆ గీత దాటి వెనకాల పోకండి. సంచీలో పిల్ల ఉన్న తల్లి దగ్గర ఇంకా దూరం పాటించండి. ఆ పిల్ల పుట్టినప్పుడు చిక్కుడు గింజంత, ఒక గ్రాము బరువు కూడా ఉండదు. కళ్లు కూడా తెరవకుండానే తల్లి బొచ్చు పట్టుకుని తనంతట తానే సంచీలోకి పాకుతుంది.

జామాయిల్_తోట:
కొవాలా సంగతి నేను చెప్తాను. ముందు ఒక మాట. గోల్డ్ కోస్ట్ చుట్టుపక్కల కొవాలాలు బాగా ఇష్టపడే చెట్లలో ఒకటి ఫారెస్ట్ రెడ్ గమ్. శాస్త్రీయ నామం యూకలిప్టస్ టెరెటికార్నిస్. మన కందుకూరు, కనిగిరి వైపు కాగితం మిల్లుల కోసం వేసే జామాయిల్ కూడా ఎక్కువగా ఆ జాతిదే, కాకపోతే సంకరాలూ క్లోన్లూ. మన దగ్గర మేక మూతి పెట్టని ఆకు అక్కడ ఒక జంతువుకి పూర్తి భోజనం. నాన్నగారికి ఆ చెట్టు చూపించండి, ఆకు నలిపి వాసన చూస్తే గుర్తుపడతారు. అట్టని కొమ్మ మాత్రం తుంచొద్దు.

ఆ ఆకు మత్తెక్కి కొవాలా పడుకుంటుందనేది ఉత్తమాట. ఆకులో విషపదార్థాలున్నాయి, పీచు ఎక్కువ, బలం తక్కువ. విషాన్ని కాలేయం విరగ్గొడుతుంది, పీచుని రెండు మీటర్ల దాకా పొడవుండే అంధనాళమనే పేగు భాగంలో సూక్ష్మజీవులు నానబెట్టి అరిగిస్తాయి. ఇంత చేసినా వచ్చే శక్తి కొంచెమే గనక రోజుకి 18 నుంచి 20 గంటలు కదలకుండా ఆదా చేసుకుంటుంది. ఆ సూక్ష్మజీవులు పిల్లకి పుట్టుకతో రావు. ఆరు నెలల వయసప్పుడు తల్లి విసర్జించే ఒక మెత్తటి పదార్థం తిని తెచ్చుకుంటుంది. మీరు చూడబోయేది కాబట్టి ఎక్కువసేపు నిద్రే. మెలకువగా చూడాలంటే సిబ్బంది తాజా కొమ్మలు మార్చే వేళ అడిగి ఆ వేళకి నిలబడండి. ముందు ప్రతి ఆకునీ ముక్కు దగ్గర పెట్టుకుని వాసన చూస్తుంది, నచ్చకపోతే వదిలేస్తుంది. చేతిని చూడమనండి పాపని. అయిదు వేళ్లలో రెండు బొటనవేళ్లలా ఎదురు తిరుగుతాయి, కొమ్మ పట్టుకోవడానికి.

ఎత్తుకునే విషయం. పక్క రాష్ట్రం న్యూ సౌత్ వేల్స్‌లో సందర్శకులు ఎత్తుకోవడం నిషేధం. క్వీన్స్‌లాండ్‌లో చట్టం ఒప్పుకుంటుంది, కానీ ఒక్కో కొవాలాని రోజుకి అరగంటకి మించి, వరసగా మూడు రోజులకి మించి అందుకు వాడకూడదు. అందుకే చోట్లు తక్కువ, ముందే బుక్ చెయ్యాలి, డబ్బు వేరే. బ్రిస్బేన్‌లో 1927 నుంచి ఉన్న లోన్ పైన్ అభయారణ్యం 2024లో ఎత్తుకోనివ్వడం మానేసింది. మిగతా చోట్ల కూడా నియమాలు మారుతున్నాయి గనక ప్రయాణం వారంలో పార్కు వెబ్‌సైట్లో మళ్లీ చూసుకుని, పిల్లల వయసు, ఎత్తు నిబంధన కూడా చదివి డబ్బు కట్టండి.

కుదిరితే పాపకి మందపాటి కాటన్ చొక్కా వెయ్యండి. చున్నీ, గాజులు, వేలాడే గొలుసులు వద్దు, గోళ్లు చిక్కుకుంటాయి. చెట్టు మొద్దులా కదలకుండా నిలబడాలి. సిబ్బంది చెప్పినట్టు ఒక చెయ్యి దాని పిర్రల కింద, అరచెయ్యి పైకి. నిమరకూడదు, ముద్దు పెట్టకూడదు. చెవులు అదేపనిగా ఆడిస్తున్నా, భుజం మీదకి ఎక్కబోతున్నా అది ఇబ్బంది పడుతున్నట్టు, సిబ్బంది వెంటనే తీసేసుకుంటారు, పాప ఏడవకుండా ముందే చెప్పి ఉంచండి. నా మటుకు పక్కన నిలబడి ఫొటో తీయించుకోవడమే మేలంటాను. 2022 ఫిబ్రవరిలో క్వీన్స్‌లాండ్, న్యూ సౌత్ వేల్స్, ఆస్ట్రేలియా రాజధాని ప్రాంతాల్లో కొవాలాని అంతరించిపోయే ప్రమాదంలో ఉన్న జీవిగా ప్రకటించారు. అలాంటిదాన్ని వీలైనంత తక్కువ ముట్టుకోవడం మంచిది.

వాంబ్యాట్ కనిపిస్తే సంచీ ఎటు తెరుచుకుందో చూడండి. నేల తవ్వే జంతువు కదా, మన్ను పిల్ల మీద పడకుండా సంచీ నోరు వెనక్కి ఉంటుంది. పొడుగు చెవుల చిన్న జంతువు బిల్బీ రాత్రి తిరిగేది. ఇలాంటి వాటికి చీకటి గది కట్టి పగలూ రాత్రీ తారుమారు చేస్తారు. లోపలికి పోయాక కళ్లు అలవాటుపడడానికి అయిదు నిమిషాలు ఊరికే నిలబడాలి. చాలామంది అర నిమిషం చూసి ‘ఏం లేదు’ అని బయటికొచ్చేస్తారు. ఫోన్ లైటు వెయ్యనే వద్దు.

పెంచలకోన_దారి:
నాన్నగారి ప్రశ్న మంచి ప్రశ్న. జవాబు రెండు ముక్కల్లో చెప్పొచ్చు. యానాదులు ఒక సముదాయం. అక్కడ మాత్రం ఒకరు కాదు. తెల్లవాళ్లు వచ్చేనాటికి ఆ ఖండంలో 250కి పైగా భాషలు. గోల్డ్ కోస్ట్ నేల యుగంబే భాష వాళ్లది. ఉత్తరాన సముద్రంలో ఉన్న టారెస్ జలసంధి దీవులవాళ్లు పూర్తిగా వేరే ప్రజ, జెండా కూడా వేరే. ఎరుపు, నలుపు మధ్య పసుపు సూర్యుడున్న జెండా ఆబొరిజినల్ ప్రజలది, 1971లో హెరాల్డ్ థామస్ గీశారు. ఆకుపచ్చ, నీలం, నలుపుల మధ్య తెల్లటి తలపాగా, నక్షత్రం ఉన్నది దీవులవాళ్లది, 1992 నాటిది. పార్కులో రెండూ కనిపిస్తాయి, పాపకి తేడా చెప్పండి. కరాబరీ అనే మాట కూడా ఆ ఊరిది కాదు, సిడ్నీ ప్రాంతపు ధరుగ్ భాషది. ఆటాపాటా కలిసిన కూటం అని అర్థం.

డ్రీమింగ్ అనే మాట వింటారు. దాన్ని కలల కాలం అని తెలుగు చేస్తే దారి తప్పుతాం. మనకి దగ్గర మాట స్థలపురాణం. పెంచలకోనలో నరసింహస్వామి, చెంచులక్ష్మి కథని ఆ కొండ నుంచి, ఆ వాగు నుంచి విడదీసి చెప్పలేం కదా. అలాగే వాళ్ల ప్రతి కథా ఒక గుట్టకో, నీటిపట్టుకో కట్టుబడి ఉంటుంది. ఇంకా ఒక మెట్టు ఎక్కువ. ఆ కథ ఎవరు చెప్పొచ్చో, ఎవరికి చెప్పొచ్చో కూడా నియమం ఉంది. అందుకే ‘పూర్తి కథ చెప్పండి’ అని పట్టుపట్టకూడదు. చెప్పింది వినాలి.

భూమి మాటకి వస్తే నాన్నగారికి ఇట్ట చెప్పండి. శ్రీహరికోటలో రాకెట్ కేంద్రం వచ్చినప్పుడు అక్కడి యానాదులు దీవి వదలాల్సి వచ్చింది. ఆ ఎడబాటు ఒక ఖండమంతా జరిగిందనుకోండి. ఆ నేల అంతకుముందు ఎవరిదీ కాదనే వాదాన్ని ఆస్ట్రేలియా హైకోర్టు 1992లో మాబో కేసులో కొట్టేసింది. ఆ కేసు వేసింది టారెస్ జలసంధిలోని ఒక దీవి మనుషులే. కార్యక్రమం మొదట్లో ‘ఈ నేల యజమానులకు గౌరవం’ అని చెప్పడం ఎవరైనా చెయ్యొచ్చు. ‘మా నేలకి స్వాగతం’ అనే హక్కు మాత్రం ఆ నేలవాళ్లదే. ఆ కాస్తసేపూ మాట్లాడకుండా నిలబడితే చాలు.

నొప్పించకుండా ఉండాలన్నారు గనక చెప్తున్నాను. ‘అడవి మనుషులు’ అనే మాట తెలుగులో అన్నా సరే అనొద్దు, మొహం చూస్తే మాట అర్థమవుతుంది. ఇంగ్లీషులో అబోరిజిన్ అని మనుషుల్ని పిలవడం ఇప్పుడు తప్పు, ఆబొరిజినల్ ప్రజలు అనాలి. నాట్యం చేసేవాళ్లని అడక్కుండా దగ్గరగా ఫొటో తియ్యొద్దు. ఒంటి మీది తెల్లసుద్ద, ఎర్రమట్టి గీతల్ని ముట్టుకోవద్దు. ఆట అయ్యాక ‘మీది ఏ ఊరు, ఏ భాష’ అని అడగండి. ‘జింగేరి’ అంటే యుగంబేలో పలకరింపు, పాపకి నేర్పండి.

కావలి_కాలువ:
ఇంత వివరంగా చెప్పినందుకు చాలా సంతోషం. స్థలపురాణం అనంగానే నాన్నకి అర్థమైపోయింది. అక్కడ డిడ్జరీడూ అనే పొడుగాటి ఊదే కొయ్య వాద్యం ఒకటి కొందామని ఆయన కోరిక, చిన్నప్పుడు మేళంలో శ్రుతి పట్టేవాడు. ఏది అసలుది, ఏది నకిలీ ఎట్ట కనుక్కునేది? విమానంలో ఎట్ట తెచ్చేది?

ఒత్తు_సన్నాయి:
శ్రుతి పట్టినవారికైతే సగం పని వచ్చినట్టే. బుగ్గల్లో గాలి నిలిపి దాన్ని వదులుతూనే ముక్కుతో పీల్చుకోవడం, ఊపిరి తెగకుండా ఒకటే నాదం. డిడ్జరీడూకీ అదే. తేడా ఏమిటంటే రీడు లేదు, పెదాలే అదరాలి. కొత్తవాళ్లు గట్టిగా ఊది పెదాలు బిగబడతారు, అందుకే కూత తప్ప నాదం రాదు. వదులుగా, గుర్రం పెదాలు ఆడించినట్టు ఊదాలి.

ఇది ఉత్తర ఆస్ట్రేలియా వాద్యం, యోల్ఞు ప్రజలు యిడకి అంటారు. యుగంబే వాళ్ల పాత వాద్యం కాదు, అది తెలిసి కొనండి. అసలుది చెదలు లోపల తినేసిన యూకలిప్టస్ కొమ్మ. వెలుతురు వైపు పెట్టి బొంగులోకి చూడండి. లోపలి గోడ ఎగుడుదిగుడుగా, దారి వంకరగా ఉంటే చెదల పని. తుపాకీ గొట్టంలా నున్నగా, తిన్నగా ఉంటే మిషనుతో తొలిచింది. వెదురుతో చేసి చుక్కలేసినవి అలంకారానికే. మూతి రంధ్రం మూడు సెంటీమీటర్ల దగ్గర ఉండాలి. పెద్దదైతే గాలి కారుతుంది, తేనెమైనం వత్తి తగ్గించుకోవచ్చు. ఎవరు చేశారు, ఏ ప్రాంతం వాళ్లు అనేది కాగితం మీద రాసివ్వమనండి. ఇవ్వలేని కొట్లో కొనొద్దు. ఇండోనేషియాలో చేయించి ఆబొరిజినల్ చేతిపని అని అమ్మినందుకు ఒక టోకు కంపెనీకి 2019లో అక్కడి ఫెడరల్ కోర్టు 23 లక్షల డాలర్ల జరిమానా వేసింది. విసిరే వంకర కర్ర బూమరాంగ్‌కీ, ఎవరు చేశారో రాసివ్వమనే ఇదే పరీక్ష. తిరిగొచ్చేవి ఒక రకం మాత్రమే, వేటకి వాడే బరువైనవి తిరిగి రావు, కాబట్టి తిరిగి రాలేదని నకిలీ అనుకోకండి.

పొడవు 120 నుంచి 150 సెంటీమీటర్లు ఉంటుంది. ఎయిర్‌లైన్‌కి కొలత చెప్పి చెక్-ఇన్‌లో వేసే ఏర్పాటు ముందే చేసుకోండి. క్యాబిన్లోకి వాద్యాన్నీ బూమరాంగ్‌నీ రానివ్వకపోవచ్చు. పీవీసీ గొట్టంలో పెట్టి రెండు కొసలూ గుడ్డతో బిగిస్తే దెబ్బ తగలదు. ఇంటికొచ్చాక అసలు చిక్కు. మే ఎండలో మేడమీది గదిలో పెడితే వారంలో పగులుతుంది, ఏసీ గాలి సూటిగా తగిలినా అంతే. కింది గదిలో, గోడకి అడ్డంగా పెట్టండి. సన్నటి చీలిక వస్తే వేడిచేసిన తేనెమైనం నింపండి, పెద్దదైతే చెక్క జిగురు పట్టించి తాడుతో బిగించి ఒక రోజు వదిలేయండి. చీలిక ఉన్నంతసేపు నాదం గరగరమంటుంది.

పాపని ఊదమనేముందు అక్కడివాళ్లని ఒక మాట అడగండి. కొన్ని సముదాయాల్లో ఆడవాళ్లు దీన్ని వాయించరు.

పెన్నా_గట్టు:
ఇంకొక రోజు చేతిలో ఉంటే కరంబిన్ అభయారణ్యం కలపండి, గోల్డ్ కోస్ట్ ఎయిర్‌పోర్టుకి దగ్గర. 1947లో అలెక్స్ గ్రిఫిత్స్ అనే పూలరైతు తన తోటని రామచిలకల నుంచి కాపాడుకోవడానికి వాటికి వేరే మేత పెట్టడం మొదలెట్టాడు, అదే ఇంత అయింది. పొద్దునా సాయంత్రం రంగురంగుల లోరికీట్లు గుంపులుగా దిగుతాయి. పాప చేతికి తేనెరసం పళ్లెం ఇస్తారు, చేతుల మీదా తల మీదా వాలతాయి. టోపీ పెట్టించండి, రెట్ట పడుతుంది. అమ్మకి కుర్చీలో కూర్చునే అంతా కనిపిస్తుంది. అక్కడినుంచి ఉత్తరానికి వస్తే బర్లీ హెడ్స్‌లో జెల్లుర్గల్ ఆబొరిజినల్ కేంద్రం ఉంది. ఆ నేలవాళ్లే కొండ పక్కన నడిపిస్తూ చెప్తారు, ముందే బుక్ చెయ్యాలి. దారి ఎగుడుదిగుడు గనక అమ్మ సంగతి బుకింగప్పుడే చెప్పండి.