రాసిందీ పాడిందీ నటించిందీ నేనే, కాగితం మాత్రం ఒక్కటే. సంతకం పెట్టొచ్చా?

మాది పర్లాకిమిడి. పెళ్లిళ్లలో, దసరా స్టేజీల మీద పాడుతుంటాను, పాటలు నేనే రాసుకుంటాను, ఈమధ్య వైజాగ్ వాళ్ల షార్ట్ ఫిల్మ్‌లో వేషం కూడా వేశాను. ఇప్పుడు అందులో నా పాట పెట్టుకుంటామని స్టాంపు పేపరు పంపారు. 'సర్వహక్కులూ శాశ్వతంగా' అని ఉంది, ఇచ్చేది ఐదు వేలు, అదీ రాసినందుకా, పాడినందుకా, నటించినందుకా అన్నది విడిగా లేదు. 2012లో కాపీరైట్ చట్టం మార్చాక, పాట రాసినవాళ్లు రాయల్టీ వాటా వదులుకుంటామని సంతకం పెట్టినా చెల్లదని చదివాను. మరి ఆ మాట ఇందులో రాయమని ఎలా అడగాలి? గట్టిగా అడిగితే వేషం కూడా పోతుందేమోనని టెన్షన్. పాటలు రాసేవాళ్లకి, బాణీలు కట్టేవాళ్లకి రాయల్టీ వసూలు చేసిపెట్టే సొసైటీ ఐపీఆర్‌ఎస్‌లో ఎవరైనా చేరారా? అడ్రసు ఒడిశాది, పాటలు తెలుగువి, ఇబ్బందేమైనా ఉంటుందా? మా అమ్మయితే 'వచ్చిందేదో తీసుకోరా' అంటోంది. శుక్రవారంలోగా చెప్పాలి, తెలిసినవాళ్లు కాస్త చెప్పండి.